రఫ్ కట్‌లు ఎందుకు ఆలస్యమవుతున్నాయంటే

మా దగ్గర చరిత్ర డాక్యుమెంటరీలు ఎడిట్ చేయించుకుంటున్న అందరికీ నమస్కారం. ఈ నెల ఇస్తామన్న రెండు రఫ్ కట్‌లు (మొదటి విడత ఎడిట్‌లు) మూడు వారాలు ఆలస్యమవుతాయి. కారణం దాచకుండా చెబుతాను.

పోయిన ఏడాది మొదటి ప్రపంచ యుద్ధం మీద చేసిన డాక్యుమెంటరీలో నేను ఒక తప్పు చేశాను. సైనికులు కందకంలోంచి పైకెక్కుతుంటే ఒకతను వెనక్కి జారి పడిపోయే షాట్ ఒకటుంది. "1916 జులై 1 ఉదయం సోమ్ దగ్గర దాడి మొదలైంది" అన్న వ్యాఖ్యానం మీద దాన్ని వేశాను. అతికినట్టు కుదిరింది. ఆ షాట్ యుద్ధరంగంలో తీసింది కాదని, వెనక శిక్షణ స్థలంలో నటింపజేసి తీసిందని చరిత్రకారులు ఎప్పుడో చెప్పారు. నాకు మాత్రం ఒక ప్రేక్షకుడు రాసేదాకా తెలియలేదు. మా ఖర్చుతోనే మళ్లీ ఎడిట్ చేసి ఇచ్చాం. అయినా ఆ బాధ పోలేదు.

అప్పట్నుంచి ఫిల్మ్ డబ్బా మీద రాసింది చూసి షాట్ తీసుకోవడం మానేశాం. వీలైతే ఫిల్మ్ అంచు చూస్తున్నాం. పాత కోడక్ ఫిల్మ్ అంచున సున్నా, చతురస్రం, త్రిభుజం లాంటి గుర్తులుంటాయి. అవి ఫిల్మ్ తయారైన ఏడాదిని చెబుతాయి. కాకపోతే ఇరవై ఏళ్లకోసారి అవే తిరిగొస్తాయి: 1916కీ, 1936కీ గుర్తు ఒకటే. అందుకని బట్టలు, బళ్లు, బోర్డులు కూడా చూసుకోవాలి.

స్పీడు సంగతి ఇంకా కష్టం. మూకీ రోజుల్లో కెమెరా చేత్తో తిప్పేవారు, అందుకే వేగం ఒక్కో రీలుకు ఒక్కోలా ఉంటుంది. సెకనుకు 18 ఫ్రేములతో తీసినదాన్ని 24తో నడిపితే నిమిషం నడక 45 సెకన్లలో అయిపోతుంది. మొన్న ఒక అంత్యక్రియల రీలు వచ్చింది. శవపేటిక మోస్తున్నవాళ్లు పరుగులాంటి నడక నడుస్తున్నారు. అలా చూపిస్తే జనం నవ్వుతారు, ఆ చనిపోయిన మనిషికి అంతకంటే అవమానం ఏముంటుంది? ముందున్న మనిషి అడుగునే చూస్తూ 16, 18, మళ్లీ 17 వేసి చూశాను. 17 దగ్గర అతని భుజం మీద బరువు కనిపించింది. నలభై సెకన్ల షాట్‌కు ఒక పూట పట్టింది.

తొందరున్నవాళ్లు చెప్పండి, అడ్వాన్స్ తిరిగి ఇచ్చేస్తాను. ఆగగలిగినవాళ్లకు ఒకటే విన్నపం: కావలసిన ముక్క మాత్రమే కత్తిరించి పంపకండి, మొత్తం రీలు స్కాన్ పంపండి. ఆ కందకం షాట్ కూడా నాకు విడి ముక్కగానే వచ్చింది.