ప్రసాదుకి, చీటీ పాట సంగతి

తెనాలి,
ఆదివారం మధ్యాహ్నం

ఒరేయ్ ప్రసాదూ,

నీ ఉత్తరం వచ్చి రెండు నెలలు దాటింది. ఇన్నాళ్ళూ జవాబు రాయనందుకు ఏమీ అనుకోకు. అమ్మ కులాసా. చిన్నాడు ఇంజనీరింగులో చేరాడు. పెద్దది వైజాగ్‌లో ఎం.ఏ. ఎకనామిక్స్ చదువుతోంది. ఖరగ్‌పూర్‌లో మీ అందరూ బాగున్నారని తలుస్తాను. ఇక అసలు సంగతి. ఇది ఫోన్లో చెబితే తేలేది కాదు.

మా వీధి పిన్ని చీటీ తెలుసుగా నీకు. ఇరవై మంది, నెలకు తలా 5,000, మొత్తం లక్ష. మొదటి చీటీ పిన్నిది, ఆ తర్వాత నెలనెలా పాట, ఎక్కువ నష్టానికి ఒప్పుకున్నవాడిదే చీటీ. చిన్నాడి ఫీజుకి 80,000 కావాల్సి వచ్చి ఐదో నెల పాటకి కూర్చున్నాను. పదిహేను వేల నష్టానికి వచ్చేస్తుందనుకున్నాను. ఎదురుగా ఇంకా చీటీ ఎత్తని ఒకాయన. పేరెందుకులే. నేను పదిహేను అంటే ఆయన పదహారు. నేను ఇరవై అంటే ఆయన ఇరవై ఒకటి. నా మొహం చూస్తాడు, ఒక వెయ్యి పెంచుతాడు. చివరికి నేను ఇరవై ఎనిమిది అనగానే కండువా దులుపుకుని గోడకి ఆనుకున్నాడు. ఆయనకి చీటీ అక్కర్లేదురా! పాట పెరిగితే ఆ నష్టం అందరికీ పంపకం అవుతుంది కదా, అందుకు. నా 28,000లో ఆయన వాటా 1,400. నాకు చేతికొచ్చింది 72,000. మిగతా ఎనిమిది వేలకి మీ చెల్లెలి ఉంగరం కుదువ పెట్టాను. ఆ రాత్రి నాకు అన్నం సహించలేదు.

పాసింజరు బండిలో మన పేకాట గుర్తొచ్చింది. జోకరు పడగానే నీ చెవి ఎర్రబడేది, మేం ముక్కలు మూసేసేవాళ్ళం. ఆ రోజు ఎర్ర చెవి నాదిరా.

పెద్దదానితో చెప్పుకున్నాను. అది ఓదార్చలేదు, పాఠం చెప్పింది. "నాన్నా, నీ అవసరం వాళ్ళకి తెలుసు, వాళ్ళ అవసరం నీకు తెలియదు. ఇదే గేమ్ థియరీ" అంది. ఎదుటివాడు ఏం చేస్తాడో లెక్కేసి మన ఎత్తు వేసుకునే శాస్త్రమట. విలియం విక్రీ అని అమెరికాలో కొలంబియా యూనివర్సిటీ ప్రొఫెసరట. 1961లో వేలం పాటల మీద ఒక వ్యాసం రాశాడు. అందరూ తమ అంకె రాసి మూసి ఇవ్వాలి. ఎక్కువ రాసినవాడిదే సరుకు, కానీ కట్టాల్సింది రెండోవాడు రాసిన ధర. 1996లో నోబెల్ ప్రకటించిన మూడు రోజులకే పోయాడట పాపం. నీ స్టాంపుల ఆల్బంకి దీనికీ చుట్టరికం ఉందిరోయ్! అమెరికాలో స్టాంపుల వ్యాపారులు 1893లోనే పోస్టు ద్వారా ఇలాంటి వేలం వేశారట.

ఈ లెక్క చీటీకి ఎలా కుదురుతుందో చెప్తాను, నిదానంగా చదువు. నేను ఇరవై దాకా భరించగలను, అదే రాస్తాను. రెండో అంకె పన్నెండైతే నాకు పోయేది పన్నెండే. భయపడి పదిహేనే రాశాననుకో, నాకు పోయే సొమ్ము తగ్గదు, పైగా ఎవడో పదహారు రాస్తే చీటీ చేజారుతుంది. అందుకని ఉన్నమాట రాయడమే మేలు.

పిన్నికి చెబితే, "నోటి పాటలోనూ రెండోవాడు ఆగిన చోటే కదా నువ్వూ ఆగేది, తేడా ఏముంది?" అంది. ఎంత తెలివైన ప్రశ్నరా! నాలుగు రోజులు తల బద్దలు కొట్టుకున్నాను. తేడా మొహంలో ఉంది. నోటి పాటలో నన్ను చూస్తూ వెయ్యి వెయ్యి పెంచి సమయానికి తప్పుకోవచ్చు. కాగితం మీద రాసేటప్పుడు ఒక్క అంకె, గుడ్డిగా. ఒక వెయ్యి ఎక్కించినందుకు ఆయనకి దక్కేది యాభై రూపాయలు. అంచనా తప్పిందా, అక్కర్లేని చీటీ నష్టానికి నెత్తిన పడుతుంది.

పోయిన నెల స్టీలు డబ్బా పెట్టాం. ఐదుగురు రాశారు. రెండో అంకె దాచేసి పిన్ని వేరే అంకె చెప్పిందని ఎవరూ అనకుండా రాసిన కాగితాలన్నీ చాప మీద పరిచాం. ఎక్కువ రాసింది జాకెట్లు కుట్టే ఆవిడ, 24,000. రెండోది 13,000. ఆవిడ 87,000 తీసుకుని వెళ్ళింది. నా పాటకన్నా పదిహేను వేలు మిగిలినట్టు. నేనే పాడుకున్నంత సంతోషం వేసిందిరా, నిజం.

కానీ ఇప్పుడు గొడవ మొదలైంది. ఈసారి తలా వచ్చింది 650. "పాత పద్ధతే బాగుంది" అంటున్నారు, చీటీ ఎత్తేసినవాళ్ళే ఎక్కువగా. ఎత్తేశాను కాబట్టి నాకూ తగ్గింది, అయినా నేను ఒప్పుకోను. ఆ డబ్బు ఎవరి అవసరంలోంచి వస్తోందో నాకు తెలుసు.

ఇంకోటి నన్ను తొలిచేస్తోంది. చాప మీద ఆ 24,000 అందరూ చూశారు. ఆవిడ ఎంత ఇబ్బందిలో ఉందో వీధంతా తెలిసిపోయింది. మొహం దాచాం గానీ అంకె దాచలేకపోయాం. దాస్తేనేమో పిన్నిని నమ్మరు. పేర్లు లేకుండా గుర్తులు వేస్తే? గుర్తు ఎవరిదో కనీసం ఒక్కరికైనా తెలియాలి కదా, ఆ ఒక్కరు ఎవరు... నీకేమైనా తడితే వెంటనే రాయి. పదో తారీఖున మళ్ళీ పాట, ఆ రోజే ఏ పద్ధతో తేల్చేస్తామన్నారు.

గోళీసోడా బాకీ అలాగే ఉంది, మర్చిపోకు. ఇంకా మీ బావగారి సంగతి కూడా... ఉండు, పిన్నే వచ్చినట్టుంది, గుమ్మంలో పిలుస్తోంది. చేతిలో డబ్బా ఉంది. మిగతాది తర్వాత.

నీ
సుబ్బు