డెల్టా పెరట్లో ఏ దుంపలు, ఎప్పుడు నాటాలి?

సంపాదకులకు నమస్కారం.

చలికాలం వస్తోందంటే చాలు, ఆన్‌లైన్‌లో ట్యులిప్, డాఫొడిల్, హయసింత్, ఫ్రిటిల్లేరియా దుంపల ప్రకటనలు మొదలవుతాయి. ఏ వాతావరణంలోనైనా పూస్తాయని రాస్తారు. నమ్మి కొన్నవాళ్ళు కార్తీకంలో నాటి, మాఘంలో తవ్వి చూస్తే దొరికేది కుళ్ళిన గుజ్జు. తప్పు నాటినవాళ్ళది కాదు. ఇంటి తోటల శీర్షికల్లో చలిప్రాంతాల క్యాలెండరే అచ్చవుతోంది. గోదావరి డెల్టాకు సరిపడే వివరాలు మీ పత్రికలో రావాలని ఈ ఉత్తరం రాస్తున్నాం.

ట్యులిప్ దుంప కొనేనాటికే దాని లోపల పూమొగ్గ తయారై ఉంటుంది. అయితే కాడ పైకి సాగాలంటే 12 నుంచి 16 వారాలపాటు 9 డిగ్రీల సెల్సియస్ లోపు చలి తగలాలి. తగలకపోతే మొగ్గ ఆకుల మొదట్లోనే మాడిపోతుంది. శ్రీనగర్‌లో శీతాకాలపు రాత్రులు సున్నా డిగ్రీల కిందకు దిగుతాయి కాబట్టి మార్చి ఆఖరుకు అక్కడ ట్యులిప్‌లు విచ్చుకుంటాయి. మన డెల్టాలో భోగి మంటల వేళకు కూడా ఉష్ణోగ్రత 15 డిగ్రీల లోపుకు రావడం అరుదు. ఒకవేళ పూసినా, ఆ తర్వాత ఆకు కనీసం ఆరు వారాలు పచ్చగా నిలిచి దుంపను మళ్ళీ నింపాలి. మార్చి ఎండకు ఆకు వడిలిపోతుంది, దుంప చిక్కిపోతుంది. అందుకే రెండో ఏడు ఆశ పెట్టుకోకూడదు.

ఫ్రిటిల్లేరియాల సంగతి ఇంకా కష్టం. వాటి దుంపకు ఉల్లిపాయలా పొర ఉండదు. కండగల రేకలు బయటికే ఉంటాయి కనుక పార్సిల్‌లో వారాల తరబడి తిరిగితే సగం ఎండిపోయి చేరుతుంది. అమ్మకానికి ఎక్కువగా వచ్చేవి రెండు రకాలు. కిరీటంలా పూలు వేలాడదీసే ఇంపీరియాలిస్ టర్కీ, ఇరాన్‌ల నుంచి పశ్చిమ హిమాలయం దాకా కొండవాలుల్లో పుట్టింది. దానికి చలికాలంలో మంచు, వేసవిలో పూర్తిగా ఎండిన నేల కావాలి. దుంప నడినెత్తిన గుంట ఉంటుంది, అందులో నీరు నిలిస్తే కుళ్ళు మొదలవుతుంది. చలిదేశాల్లో కూడా దాన్ని ఇసుక పరుపు మీద పక్కకు వాల్చి నాటేది ఇందుకే. గళ్ళగళ్ళ పూల మెలియాగ్రిస్ మాత్రం తేమను ఇష్టపడుతుంది. ఇంగ్లండ్‌లో థేమ్స్ నది పక్కన, క్రిక్లేడ్ దగ్గర వరద ముంచే పచ్చిక బయళ్ళలో అది విస్తారంగా పూస్తుంది. వరద నేల కదా, మన లంకల్లోనూ పెరుగుతుందని కొందరు అనుకుంటారు. అక్కడి వరద చలికాలపు వరద, దుంప చల్లటి నీటిలో ఉంటుంది. మన గోదావరి వరద జులై, ఆగస్టుల్లో వస్తుంది. ఆ వెచ్చటి బురదలో నిద్రావస్థలో ఉన్న దుంప నిలవదు. ఈ రెండు రకాలనూ డెల్టాలో నాటవద్దని మా స్పష్టమైన సలహా.

ట్యులిప్, హయసింత్‌లను ఒక్క సీజన్‌కు కుండీలో చూడాలని ఉంటే దారి ఉంది. దుంపలను కాగితపు సంచిలో వేసి ఫ్రిజ్‌లో కూరగాయల అరలో, 4 నుంచి 7 డిగ్రీల మధ్య ఉంచాలి. డీప్ ఫ్రీజర్‌లో పెట్టకూడదు. అరటి, జామ, మామిడి, టమాటా అదే ఫ్రిజ్‌లో ఉండకూడదు. పండ్ల నుంచి వచ్చే ఇథిలీన్ వాయువు లోపలి మొగ్గను చంపేస్తుంది. చాలామంది ఫ్రిజ్‌లో పెట్టి కూడా పూలు చూడలేకపోవడానికి కారణం ఇదే. హయసింత్‌కు 10 నుంచి 12 వారాలు, ట్యులిప్‌కు 14 వారాలు లెక్క వేసుకోండి. దుంపలు మన చేతికి వచ్చేది అక్టోబరు, నవంబరుల్లో. అక్కడి నుంచి 14 వారాలంటే ఫిబ్రవరి వచ్చేస్తుంది, అప్పటికి ఎండ ముదురుతుంది. కాబట్టి ముందే చలి పట్టించిన దుంపలనే అడిగి కొని, మిగతా వారాలు ఫ్రిజ్‌లో ఉంచి, డిసెంబరు చివర కుండీలో పెట్టి, ఇంట్లో అన్నిటికంటే చల్లటి గదిలో ఉంచాలి. పూలు మూడు నాలుగు రోజులకు మించి నిలవవు. డాఫొడిల్ జాతిలో పేపర్‌వైట్‌కు చలి అక్కర్లేదు. గులకరాళ్ళ పళ్ళెంలో దుంప అడుగు మాత్రమే నీటికి తగిలేలా డిసెంబరులో పెడితే నాలుగు నుంచి ఆరు వారాల్లో పూస్తుంది. ముచ్చటపడేవాళ్ళు దానితో మొదలుపెట్టడం మేలు.

ఇక మన నేలకు పనికొచ్చే దుంపలు. ఇవి ఎక్కువగా ఉష్ణమండలంలో పుట్టినవి. వీటిని నిద్రపుచ్చడానికి చలి అవసరం లేదు, ఎండు నేల చాలు. మళ్ళీ లేపేది నీళ్ళు. ఈ ఒక్క తేడాను పట్టుకుంటే డెల్టాలో మాఘం నుంచి జ్యేష్ఠం దాకా పూలకు లోటుండదు.

ముందు మట్టి. డెల్టా జిగురు ఒండ్రులో దుంపకు ఊపిరాడదు. అడుగు లోతు గొయ్యి తీసి నీళ్ళు నింపండి. ఇంకిన తర్వాత మళ్ళీ నింపండి. రెండోసారి పోసిన నీరు గంటలో ఇంకకపోతే అక్కడ నేల మట్టానికి నాటకూడదు. అడుగు ఎత్తు మడి కట్టి, మట్టి, గోదావరి ఇసుక, బాగా మాగిన పశువుల ఎరువు సమపాళ్ళలో కలపాలి. కోనసీమలో చవగ్గా దొరుకుతుందని పచ్చి కొబ్బరి పొట్టు కలిపేస్తుంటారు. అందులో ఉప్పు ఉంటుంది. రెండు మూడుసార్లు మంచినీటిలో నానబెట్టి పిండాకే వాడాలి, అదీ నాలుగో వంతుకు మించకుండా. సముద్రపు ఇసుక అసలే వద్దు.

మనవాళ్ళు అమరిల్లిస్ అని పిలిచే హిప్పియాస్ట్రమ్ డెల్టా వసంతానికి రాణి. దుంప మెడ, పైభాగంలో మూడో వంతు మట్టి పైన కనబడేలా నాటాలి. కుండీ దుంప కంటే చుట్టూ రెండంగుళాలు పెద్దదైతే చాలు. మరీ పెద్ద కుండీలో తడి ఆరదు. ప్రతి నాలుగు ఆకులకు ఒక పూమొగ్గ లోపల తయారవుతుంది. అంటే వానాకాలంలో ఎంత ఎక్కువగా ఆకులు నిలబెడితే వచ్చే ఏడు అంత ఎక్కువగా కాడలు వస్తాయి. పూలు రాలాక కాడ మాత్రమే కోసి, ఆకులు కోయకుండా ఉంచి, ప్రతి పదిహేను రోజులకు నత్రజని, భాస్వరం, పొటాష్ సమంగా ఉండే 19:19:19 ఎరువును లీటరు నీటికి మూడు గ్రాములు కలిపి పోయాలి. యూరియా వేస్తే ఆకు బారుగా పెరిగి దుంప మెత్తబడుతుంది. అక్టోబరుతో ఎరువు ఆపాలి. తుపాను వానలు వెళ్ళిపోయిన తర్వాత, డిసెంబరు మొదట్లో కుండీని చూరు కిందకు చేర్చి నీళ్ళు పూర్తిగా మానేయాలి. ఎనిమిది నుంచి పది వారాల ఎండు కాలం ముగిసి, ఫిబ్రవరి నడుమ ఒక్కసారి నిండుగా నీళ్ళు పోసి, మొలక కనబడేదాకా పొదుపుగా తడపాలి. ఉగాది వేళకు కాడలు లేస్తాయి. పూయలేదంటే మూడు కారణాలు వెతకాలి: ఎండు విరామం ఇవ్వకపోవడం, ఆకులు ముందే కోయడం, పిల్ల దుంప ఇంకా ఎదగకపోవడం. పిల్ల దుంపకు రెండు మూడేళ్ళు పడుతుంది.

దీనికి రెండు శత్రువులు. ఆకుల మీద, కాడ మీద ఎర్రటి చారలు పడి కాడ వంకర తిరిగితే అది స్టాగనోస్పోరా అనే బూజు తెగులు. మెడలో నీరు నిలవడం వల్ల ముదురుతుంది. పాదులోనే నీళ్ళు పోయాలి, మచ్చల భాగం కోసి కాల్చేయాలి. రెండోది వానాకాలంలో గుంపులుగా దిగే లిల్లీ గొంగళి. నల్లటి ఒంటి మీద ఎరుపు, తెలుపు చుక్కలుంటాయి. రెండు మూడు రోజుల్లో ఆకు తినేసి మెడలోకి దూరుతుంది. ఉదయమే ఆకు అడుగున గుడ్ల గుంపు చూసి నలిపేస్తే మందు అవసరం రాదు.

బజారులో లిల్లీ అని అమ్మే నేల సంపెంగ పెరట్లో కూడా సులువే. రెండున్నర సెంటీమీటర్ల మందం దుంప ఏరుకోవాలి. కొత్తగా తవ్విన దుంపను నెల రోజులైనా నీడలో ఆరబెట్టాలి. వెంటనే నాటితే మొలక ఆలస్యమై, ఈలోగా కుళ్ళుతుంది. ఫిబ్రవరి, మార్చిల్లో 30 సెంటీమీటర్ల వరసల్లో 20 సెంటీమీటర్లకు ఒకటి, అయిదు సెంటీమీటర్ల లోతున నాటాలి. సెంటు నేలకు, నడవడానికి బాటలు తీయకపోతే, సుమారు 670 దుంపలు పడతాయి. లీటరుకు రెండు గ్రాముల కార్బెండజిమ్ అనే బూజు తెగుళ్ళ మందు కలిపిన నీటిలో అరగంట ముంచి నాటితే మొదలు కుళ్ళు తగ్గుతుంది. వేసవిలో కాలువలు కట్టేసే ప్రాంతం కాబట్టి బావి గాని బోరు గాని ఉందో లేదో ముందే చూసుకోవాలి. విడి పూలకు, వాసనకు ప్రజ్వల్, శృంగార్ వంటి ఒంటి రేకల రకాలు మంచివి. సువాసిని, వైభవ్ ముద్ద పూల రకాలు, కాడతో కోసుకోవడానికి.

వరి రైతులు ఒకటి గమనించాలి. వరిలో ఆకు కొన తెల్లబారే తెగులు తెచ్చే నులిపురుగే నేల సంపెంగ మొగ్గలనూ చెడగొడుతుంది. మొగ్గలు గోధుమ రంగుకు తిరిగి విచ్చుకోవు, కాడ మెలిపడుతుంది. వరి చేను గట్టునే లిల్లీ మడి వేయకండి. తెగులు చేలోని గడ్డిని మడి మీద పరచకండి.

మిగతావి అంత పని పెట్టవు. రెయిన్ లిల్లీని రెండంగుళాల లోతున, మూడంగుళాల ఎడంలో వేసి, రోహిణీ కార్తెలో నీళ్ళు ఆపేస్తే మృగశిర తొలకరికి నాలుగైదు రోజుల్లో పూస్తుంది. ఫుట్‌బాల్ లిల్లీ మే నెలలో ఆకు కంటే ముందు పూబంతితో వస్తుంది. దాన్ని పదే పదే పెకిలించకూడదు, కదిపిన ఏడు తరచు పూయదు. గ్లాడియోలస్‌ను తుపానులు తగ్గాక నవంబరులో నాటితే ఫిబ్రవరిలో పూలు కోయవచ్చు. అడవినాభి దుంప నాగలిలా రెండు కొమ్మలుగా ఉంటుంది, మొలకెత్తే కొస విరిగితే ఆ కొమ్మ పోయినట్టే. జూన్‌లో అడ్డంగా పడుకోబెట్టి నాటాలి. అంతర్వేది, అల్లవరం వైపు ఉప్పు గాలి, ఉప్పు నీరు తగిలే పెరళ్ళలో వీటన్నిటికంటే స్పైడర్ లిల్లీ, క్రైనమ్ బాగా తట్టుకుంటాయి.

తవ్విన దుంపలను ప్లాస్టిక్ సంచిలో మూట కట్టకండి, చెమ్మ పట్టి కుళ్ళుతాయి. ఉల్లిపాయల వల సంచిలో వేసి గాలి ఆడే చోట వేలాడదీయండి. కానీ వంటింట్లో మాత్రం వద్దు. హిప్పియాస్ట్రమ్, డాఫొడిల్ దుంపలు చూడ్డానికి ఉల్లిగడ్డల్లాగే ఉంటాయి, తింటే వాంతులు, విరేచనాలు పట్టుకుంటాయి. అడవినాభిలోని కోల్చిసిన్ అనే విషం ప్రాణాంతకం. పిల్లలకు, పశువులకు అందకుండా, సంచి మీద పేరు రాసి ఉంచాలి.

మీ పత్రికకు ఒక విన్నపం. తోటల శీర్షికలో ఏ దుంప గురించి రాసినా, దానికి ఎన్ని వారాల చలి కావాలో, ఆ చలి డెల్టాలో దొరుకుతుందో లేదో ఒక వాక్యం చేర్చండి. దుంపలు అమ్మేవాళ్ళు ప్రకటనలో దుంప చుట్టుకొలత, చలి పట్టించిన తేదీలు తప్పక రాయాలని కూడా ఈ ఉత్తరం ద్వారా కోరుతున్నాం.

ఇట్లు,
దుంపజాతి పూలమొక్కల పెంపకందారులు,
కడియం మండలం, తూర్పు గోదావరి జిల్లా