జార్ల చరిత్రలో రైతు పద్దు ఎక్కడ?

సంపాదకుడు గారికి,

నమస్కారం. మీ ఆదివారం అనుబంధంలో కొన్ని వారాలుగా వస్తున్న రష్యా చక్రవర్తుల కథనాలను శ్రద్ధగా చదువుతున్నాను. మొదటి పీటర్ గడ్డాల మీద పన్ను వేయడం, రెండో కేథరిన్ తన భర్త మూడో పీటర్‌ను గద్దె దించి తాను సింహాసనం ఎక్కడం, రాజకుటుంబానికి సన్నిహితుడైన సాధువు రస్పుతిన్ హత్య, 1918 జూలైలో ఎకాతెరిన్‌బర్గ్‌లో రాజకుటుంబాన్ని కాల్చి చంపడం, అన్నీ చదివించేలా రాశారు. తేదీల్లో పొరపాట్లు కూడా నాకు కనిపించలేదు. అయితే ఇన్ని వారాల్లో ఆ అంతఃపురాల ఖర్చును భరించిన రైతు ప్రస్తావన ఒక్కసారైనా రాకపోవడం వల్ల, రొమనోవ్ వంశం ఎందుకు కూలిందో తెలియకుండానే అది ఎలా కూలిందో పాఠకుడికి తెలుస్తోంది.

1649లో జార్ అలెక్సీ మిఖైలోవిచ్ కాలంలో వచ్చిన చట్టసంహిత, పారిపోయిన రైతును ఎన్నేళ్ల తరువాతనైనా వెనక్కి తెచ్చుకునే హక్కును భూస్వామికి ఇచ్చింది. పీటర్ తన సైన్యం ఖర్చు కోసం సామాన్య వర్గాలలోని ప్రతి మగవాడి మీదా, పసివాడని ముసలివాడని చూడకుండా, తలపన్ను వేశాడు. దాని వసూలు పూచీ భూస్వామి మీద పెట్టడంతో రైతుపై అతని పట్టు మరింత బిగిసింది. ప్రభువులు జార్‌కు కొలువు చేస్తున్నారు గనుక రైతులు ప్రభువులకు వెట్టి చేయాలని అంతవరకు ఒక సమర్థన ఉండేది. 1762లో మూడో పీటర్ ప్రభువర్గాన్ని తప్పనిసరి కొలువు నుంచి విడుదల చేయడంతో ఆ సమర్థన పోయింది, వెట్టి మాత్రం మిగిలింది. ఫ్రెంచి తత్వవేత్త వోల్టేర్‌తో ఉత్తరాలు నడిపిన కేథరిన్, సెర్ఫులు (భూస్వామికి కట్టుబడిన వెట్టి రైతులు) తమ యజమానుల మీద అర్జీ పెట్టుకోవడాన్నే 1767లో నిషేధించింది. పుగచోవ్ అనే కొసాక్కు (సరిహద్దు యోధుల వర్గం వాడు) తానే మూడో పీటర్‌నని ప్రకటించుకుంటే యూరల్, వోల్గా ప్రాంతాల రైతులు వేల సంఖ్యలో అతని వెంట నడవడానికి కారణం అమాయకత్వం ఒక్కటే కాదు; ప్రభువులను విడుదల చేసిన జార్ తరువాత తమనూ విడుదల చేసేవాడేనన్న ఆశ అందులో ఉంది.

వచ్చే వారం భాగం ‘విమోచక జార్’ రెండో అలెగ్జాండర్ గురించి అని ప్రకటించారు కాబట్టి ఈ లేఖ రాస్తున్నాను. 1861 ఫిబ్రవరి 19న, అప్పటి రష్యా పంచాంగం ప్రకారం, ఆయన సంతకంతో రెండు కోట్లకు పైగా సెర్ఫులు విడుదలయ్యారని మీరు తప్పకుండా రాస్తారు. దాని పక్కనే రాయవలసిన లెక్క మరొకటి ఉంది. విడుదలైన రైతు తాను దున్నుతున్న భూమిని కొనుక్కోవాలి. ఆ ధరను చాలాచోట్ల నేల సారాన్ని బట్టి కాక, అతను అంతవరకు భూస్వామికి ఏటా చెల్లిస్తున్న శిస్తును బట్టి కట్టారు: ఆరు శాతం వడ్డీ మీద ఏటా ఆ శిస్తు రావాలంటే ఎంత అసలు కావాలో అదే ధర. ఏటా 6 రూబుళ్ల శిస్తు చెల్లించే రైతుకు అది 100 రూబుళ్లు అవుతుంది. తనకు నిర్ణయించిన భూమి వాటాను పూర్తిగా తీసుకుంటే అందులో 80 రూబుళ్లను ప్రభుత్వం బాండ్ల రూపంలో భూస్వామికి ముట్టజెప్పేది. మిగతా 20 రైతే ఇచ్చుకోవాలి. ప్రభుత్వం ఇచ్చిన 80కి గాను అతను ఏటా 4 రూబుళ్ల 80 కోపెక్కుల చొప్పున 49 ఏళ్లు చెల్లించాలి. ఆ వాయిదాలన్నీ కలిపితే 235 రూబుళ్లు దాటుతాయి. ఉత్తరాది గుబెర్నియాలలో (రాష్ట్రాలలో) రైతులు శిస్తును పంట మీద కంటే పట్నాల్లో చేసిన కూలి మీద ఎక్కువగా తెచ్చి చెల్లించేవారు గనుక, మనిషికి వెల కట్టలేదని చెప్పుకున్న చట్టం భూమి పేరుతో మనిషి కష్టానికే వెల కట్టింది. పైగా చాలాచోట్ల వాళ్ల పాత కమతాల్లో మంచి ముక్కలను కోసి భూస్వామికి వదిలారు. ఇంటి చాకిరీ చేసేవారికి భూమే ఇవ్వలేదు. ఒకరు చెల్లించకపోతే ఊరంతా బాధ్యత వహించాలన్న నియమం 1903 దాకా సాగింది.

ఇదా స్వేచ్ఛ అని రైతులు వెంటనే అడిగారు. కజాన్ గుబెర్నియాలోని బెజ్ద్నా గ్రామంలో ఆంతోన్ పెత్రోవ్ అనే రైతు ఆ ప్రకటనలో అసలైన విముక్తి దాగి ఉందని చదివి చెప్పగా, 1861 ఏప్రిల్‌లో సైన్యం అక్కడి జనం మీద కాల్పులు జరిపింది. తరువాత పెత్రోవ్‌కూ మరణశిక్ష అమలు చేశారు. అలెగ్జాండర్‌ను తక్కువ చేయాలన్నది నా ఉద్దేశం కాదు. 1864 నాటి జ్యూరీ విచారణలు, స్థానిక పాలనా సంస్థలు ఆయన కాలంలో వచ్చినవే. వాయిదాలను తరువాత కొంత తగ్గించారనీ, రైతులందరూ ఒకే తీరున చితికిపోలేదనీ వాదించే చరిత్రకారులు ఉన్నారు. వారి వాదనకూ చోటివ్వండి.

ఆ వాయిదాలు 49 ఏళ్లూ సాగలేదు. 1905లో పల్లెలు భగ్గుమని, భూస్వాముల బంగళాలు తగలబడుతున్న వేళ, నవంబరు 3న రెండో నికోలస్ వాటిని మరుసటి ఏడాదికి సగం చేసి, 1907 జనవరి నుంచి పూర్తిగా రద్దు చేస్తున్నట్లు ప్రకటించాడు. అంతకు రెండు రోజుల ముందు, నవంబరు 1న, ఆయన తొలిసారి రస్పుతిన్‌ను కలిశాడు. మీ కథనంలో ఆ తొలి పరిచయానికి అర పేజీ దక్కింది, ఈ రద్దుకు ఒక్క వాక్యమూ దక్కలేదు.

రష్యన్ నవలలను తెలుగులో చదువుతూ పెరిగిన పాఠకులు మనలో చాలామంది ఉన్నారు. ఆ నవలల్లోని ప్రభువులు ఎవరి కష్టం మీద నాట్యసభలు జరుపుకున్నారో వారికి చెప్పడానికి ఒక పెద్ద వ్యాసం అవసరం లేదు. వచ్చే ఆదివారం జార్ చిత్రపటం పక్కన, పైన చూపిన వాయిదాల లెక్కను ఒక చిన్న పెట్టెలో వేసినా చాలు.

ఇట్లు,
విశ్రాంత చరిత్ర అధ్యాపకుడు,
గుంటూరు