వార్షిక నివేదిక 2024-25: ఈ ఏడు మన కూరాకు కథ

సభ్యులందరికీ నమస్కారం. జమాఖర్చులు కోశాధికారి చదివి వినిపిస్తారు కాబట్టి నేను నేరుగా కూరాకు దగ్గరికి వస్తాను. ఈ ఏడు మనం ఎక్కువగా మాట్లాడుకున్నదీ, పోట్లాడుకున్నదీ దాని గురించే.

వానలప్పుడు గట్ల మీద గురుగాకు, చెంచలాకు దండిగా దొరుకుతాయి. ఉగాది వేళకు ఎండలు ముదిరి అవి కనబడవు. అప్పుడు మనకు దిక్కు చింతచిగురే, కాలవ పక్క తడి ఉంటే కాస్త పొన్నగంటాకు, పాయలాకు. మార్చిలో రెండు ఆదివారాలు చంద్రగిరి వైపు పొలాలకు పోయి కోసుకొచ్చాం. శేషాచలం అడవి జోలికి మాత్రం పోలేదు. 2010 నుంచి అది బయోస్ఫియర్ రిజర్వు, అంటే చెట్టూ జీవీ కాపాడే రక్షిత ప్రాంతం. ఒకచోట సంచి నిండా కోశాక, ఆ గట్టుకు నాలుగు రోజుల ముందే గడ్డిమందు కొట్టారని తెలిసింది. అంతా పారబోశాం. ఇకమీద రైతును "కోసుకోవచ్చా" అనే ముందు "మందు కొట్టారా" అని అడగాలి.

ఉగాదికి ముందు ఆదివారం చింతచిగురు పప్పు, రాగి సంగటి వండాం. మొదటి దబర పప్పు చెడింది, తప్పు నాదే. చిగురునూ కందిపప్పునూ ఒకేసారి పొయ్యి మీద పెట్టించాను. పులుపు తగిలితే పప్పు మెత్తబడదు. గంటన్నర మంట పెట్టినా పలుకు పలుకుగానే ఉంది. "పప్పు ఉడికినాక గదా నాయనా ఆకు ఏసేది" అని ఒక పెద్దామె నవ్వింది. రెండో దబర ఆమెకే అప్పగించాం. చిగురును అరచేతుల మధ్య నలిపి ఈనెలు దులిపింది. పప్పు బాగా ఉడికాకే చిగురు, పచ్చిమిరపకాయలు, ఎర్రగడ్డలు వేసింది. నీళ్లు వంచి, ఉప్పేసి, పప్పుగుత్తితో ఎనిపి, వంచిన నీళ్లు మళ్లీ పోసింది. ఆఖర్న తెల్లగడ్డ దంచి తిరగవాత. మిక్సీలో వేద్దామన్న వాళ్ల వైపు ఆమె చూసిన చూపును నివేదికలో రాయలేను.

పాయలాకులో ఆక్సలేట్లు ఎక్కువ. కిడ్నీలో రాళ్లున్న సభ్యులు డాక్టరును అడిగాకే తినండి. దాన్ని వండేటప్పుడు ఉడికిన నీళ్లు వంచి పారబోస్తే కొంత తగ్గుతాయి.

వచ్చే ఏటికి ఒక పెద్ద దబర, రెండు పప్పుగుత్తులు కొనడానికి సభ ఆమోదం కోరుతున్నాను. పాత దబర అడుగంటి ఇంకా గది వెనకే నానుతోంది. తోమే బాధ్యత కూడా నాదేనని కమిటీ తీర్మానించింది.

కార్యదర్శి