సముద్రం మెరిసిన మర్నాడు

సంపాదకుడు గారికి,

నమస్కారం. పోయిన ఆదివారం మీ అనుబంధంలో చీకట్లో నీలంగా వెలుగుతున్న కెరటాల ఫొటో అర పేజీ వేశారు. కింద ‘ఏదో మాయలోకపు సముద్రంలా’ అని రాశారు. ఫొటో నాకూ నచ్చింది, కత్తిరించి దాచుకున్నాను కూడా. కాకపోతే ఆ సముద్రం ఒడ్డున ఇళ్లుంటాయి, తెల్లారితే చేపలమ్ముకోవాల్సినవాళ్లుంటారు. ఆ సంగతి చెబుదామనే ఈ ఉత్తరం.

మాది శ్రీకాకుళం జిల్లాలో ఒడిశా సరిహద్దుకి దగ్గర్లో ఉన్న మత్స్యకార గ్రామం. రెండేళ్ల కిందట ఏప్రిల్ మొదట్లో, వేట నిషేధం ఇంకో పది రోజులుందనగా, ఒక రాత్రి మా ఒడ్డు కూడా అలాగే వెలిగింది. కెరటం విరిగిన చోటల్లా నీలం గీత. తడి ఇసకలో కాలు పెడితే అడుగు చుట్టూ మిణుకుమనేది. మా తమ్ముడు వాటర్ బాటిల్‌తో ఆ నీళ్లు పట్టుకొచ్చి, ఇంట్లో లైట్లన్నీ ఆర్పేసి ఊపాడు. ఊపినప్పుడల్లా మెరుపు, ఆపితే చీకటి. ‘పడుకోండర్రా, గంగమ్మతో ఆటలా’ అని అమ్మ బాటిల్ లాక్కుని గుమ్మం బయట పెట్టేసింది. పొద్దున చూస్తే అందులో నీళ్ల మీద టమాటా చారు రంగులో పలచగా తెట్టు కట్టి ఉంది.

అప్పటికే ఎవరో ఫోనుల్లో వీడియో తిప్పేశారు. సముద్రంలో కెమికల్ కలిసింది, చేపలు తింటే ఆసుపత్రే అని. అమ్మ కానాగడతల గంప దించుకుని కూర్చుంటే, రోజూ కొనే మనిషే దూరంగా నిలబడి ‘ఏటమ్మా, నీళ్లలో మందు కలిసిందట కదా’ అన్నాడు. ముందురోజు పన్నెండు వందలు పలికిన గంపని మధ్యాహ్నానికి మూడు వందలకి ఇచ్చేసి వచ్చింది. తర్వాత నాలుగు రోజులూ అంతే. ఆ వెంటనే 15వ తేదీ నుంచి జూన్ 14 దాకా నిషేధం, 61 రోజులు బోట్లు ఒడ్డునే. ఆ నాలుగు రోజుల డబ్బు మాకెంత అవసరమో వేరే చెప్పక్కర్లేదు.

నేను ఒక ఆఫీసుకి ఫోన్ చేశాను. అది మా పరిధిలోకి రాదమ్మా అని ఇంకో నంబరిచ్చారు. ఆ నంబరు మోగి మోగి ఆగిపోయింది.

తర్వాత నేనే చదివి తెలుసుకున్నాను. మేం చూసినట్టు వెలిగేది చాలాసార్లు నాక్టిల్యూకా అనే ఏకకణ జీవి. గసగసాల గింజంత, లేదంటే అంతకన్నా చిన్నది. నీళ్లు కదిలితే దాని ఒంట్లో రసాయన చర్య జరిగి నీలం వెలుగొస్తుంది. తమ్ముడు బాటిల్ ఊపితేనే మెరిసింది అందుకే. 2019 ఆగస్టులో చెన్నై బీచుల్లో జనం అర్ధరాత్రి దాకా ఎగబడి చూసింది కూడా దీన్నే. ఇది మనిషికి నేరుగా విషమయ్యే రకం కాదంటారు. అలాగని మంచిదనీ కాదు. లెక్కకు మించి పెరిగి చచ్చిపోతే నీళ్లలో ఆక్సిజన్ తగ్గుతుంది, దాని ఒంట్లోని అమ్మోనియా కలుస్తుంది, చేపలు చస్తాయి. 2019 సెప్టెంబరులో తమిళనాడు మండపం దగ్గర నీళ్లు ఆకుపచ్చగా మారి చేపలు ఒడ్డుకి కొట్టుకొచ్చాయి. అలా కొట్టుకొచ్చిన చేప తినకూడదు. బతికున్న చేపని వలతో పట్టి తెస్తే అది వేరే సంగతి. ఈ తేడా ఎవరైనా అధికారి మైకులో ఒక్కసారి చెప్పి ఉంటే అమ్మ గంప ఆ ధరకి పోయేది కాదు. పైగా సముద్రంలో రంగు మారినప్పుడల్లా అది నాక్టిల్యూకానే కానక్కర్లేదు, నిజంగా విషం పుట్టించే రకాలూ ఉన్నాయి. కాబట్టి నీళ్లు పరీక్ష చేయకుండా ‘ఏం కాదు, తినండి’ అనడమూ తప్పే.

ఇందులో నాకు బాగా కోపం తెప్పించే విషయం ఇంకొకటి. దీన్ని కనిపెట్టి చెప్పే సంస్థ ఎక్కడో లేదు, హైదరాబాద్‌లోనే ఉంది. ఇన్‌కాయిస్. చేపలు ఎక్కడ దొరుకుతాయో, అలలు ఎప్పుడు ఎగుస్తాయో మనవాళ్లకి తెలుగులో చెప్పేది ఆ సంస్థే, ఆ మేలు మేం మరచిపోలేదు. ఉపగ్రహాల సాయంతో ఇలాంటి నాచు తెట్టుల సమాచారం కూడా ఇస్తోంది. ఇవి తరచుగా వచ్చే నాలుగు చోట్లని గుర్తించింది కూడా. అందులో ఒడిశాలోని గోపాల్‌పూర్ తీరం ఒకటి. మా ఇచ్ఛాపురం దాటి కొంచెం పైకెళితే గోపాల్‌పూరే! ఇంకొకటి ఈశాన్య అరేబియా సముద్రం. మా జిల్లా కుర్రాళ్లు బోట్లలో కూలికి పోయే గుజరాత్‌లోని వేరావల్ ఉన్నది ఆ వైపే. మా చిన్నాన్న ఫిబ్రవరిలో అక్కణ్నుంచి ఫోన్ చేసినప్పుడల్లా నీళ్లు ఆకుపచ్చగా ఉన్నాయనీ, వలలో జెల్లీచేపలు తప్ప ఏమీ పడటం లేదనీ అంటాడు. ఇంత తెలిసినా ఆ కబురు మా రేవు దాకా వచ్చినట్టు నేనైతే చూడలేదు.

కాబట్టి మత్స్యశాఖ పెద్దలకి మీ పత్రిక ద్వారా నా విన్నపం. అలల హెచ్చరిక పంపినట్టే దీనికీ తెలుగులో రెండు ముక్కల మెసేజ్ పంపించండి. గ్రామ సచివాలయంలో మత్స్య సహాయకులున్నారు. సముద్రం మెరిసిన మర్నాడు పొద్దున్నే నీళ్లు పట్టి ల్యాబుకి పంపే పని వాళ్లకి అప్పజెప్పండి, ఫలితం వచ్చేదాకా ఏం చేయాలో రేవులో మైకులో చెప్పించండి. కొనేవాళ్లు వినాల్సింది ఆ మాటే.

మీ ఫొటోగ్రాఫర్ గారు ఈసారి మా వైపు వస్తే, మెరుపు బాగా కనిపించే చోటికి తమ్ముడు తీసుకెళ్తాడు. కాకపోతే తెల్లారేదాకా ఉండమనండి. ఫొటో కింద ఆ పొద్దున గంప ఎంతకి పోయిందో కూడా రాయండి.

– ఒక పాఠకురాలు,
శ్రీకాకుళం జిల్లా