ఎం-బుక్కులో ఎక్కిన బాకీకి ఒక సంతకం ఇవ్వండి: ఎగ్జిక్యూటివ్ ఇంజనీర్ గారికి బహిరంగ లేఖ

అయ్యా,

విజయవాడ చుట్టుపక్కల సీసీ రోడ్లు, డ్రెయిన్లు వేసిన చిన్న కాంట్రాక్టర్ల తరఫున రాస్తున్నాం. ఎం-బుక్కులో (పని కొలతలు రాసే మెజర్‌మెంట్ బుక్కులో) కొలతలు ఎక్కాయి, వాటిని సరిచూసినట్టు చెక్ మెజర్‌మెంట్ సంతకం పడింది, క్వాలిటీ కంట్రోల్ నివేదిక జతయింది. అయినా ప్రభుత్వ చెల్లింపుల ఆన్‌లైన్ వ్యవస్థ సీఎఫ్‌ఎంఎస్‌లో బిల్లు ఎక్కించలేదు. ఎక్కించకపోతే, బిల్లు అందినట్టు చూపే టోకెన్ నంబరు రాదు. అది లేకుండా హైకోర్టులో రిట్ వేస్తే, బిల్లే రాలేదని ఆర్థిక శాఖ తప్పుకోవచ్చు. పని చేసినవాడు ఇక్కడే నలిగిపోతున్నాడు.

సివిల్ దావాకైతే గడువు మామూలుగా 3 ఏళ్లు. అత్యవసరం కాకపోతే ముందు ప్రభుత్వానికి సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 నోటీసిచ్చి 2 నెలలు ఆగాలి. ‘వచ్చే నెల చూద్దాం’ అన్న నోటిమాటతో గడువు పెరగదు. లిమిటేషన్ చట్టం సెక్షన్ 18 ప్రకారం, గడువు దాటకముందే మీరు బాకీ ఒప్పుకుంటూ రాతపూర్వకంగా సంతకం చేస్తే, ఆ రోజు నుంచి లెక్క మళ్లీ మొదలవుతుంది. ఇది చాలామంది కాంట్రాక్టర్లకు తెలియదు. తెలిసేసరికి ఆలస్యమైపోతోంది, అదే మా బాధ.

నిధులు మీ చేతిలో లేవని తెలుసు. సంతకం మీ చేతిలోనే ఉంది. అగ్రిమెంట్ నంబరు, ఎం-బుక్ నంబరు, పేజీ, రావాల్సిన మొత్తం, తేదీ రాసి, ఒక్కో పనికి ఒక్కో లేఖ ఇవ్వండి. బిల్లులు ఈ వారమే అప్‌లోడ్ చేయించండి.

ఇట్లు,
చిన్న పనుల కాంట్రాక్టర్లు, విజయవాడ