తొట్టిలో దొందు

ఒరే సుబ్బూ,

జవాబు రాయలేదని తిట్టుకుంటూ ఉంటావు, తిట్టుకో. నాట్లు, చెల్లెలి సీమంతం, మధ్యలో నాన్న కంటి ఆపరేషన్. అన్నీ బాగానే జరిగాయి. కోవూరు స్థలం గొడవ ఇంకా తేలలేదు. అదంతా తర్వాత. ఇది చెప్పకపోతే నాకు కడుపుబ్బిపోయేట్టుంది.

పెన్న ఒడ్డున పరిగె చేపలు అమ్మే ఆమె దగ్గర అమ్మ ఒక గిన్నెడు తెచ్చింది. కడగబోతే ఒకటి ఎగిరి సింకులో పడింది. వేలెడంత ఉంది. ఇసక రంగు ఒళ్ళు, పక్కల వరసగా నల్ల మచ్చలు, నెత్తికెక్కిన కళ్ళు, ముందుకు పొడుచుకొచ్చిన కింది దవడ. అచ్చం విజిల్ ఊదబోయే మన డ్రిల్లు మాస్టారు! నవ్వాపుకోలేకపోయాను. మా బుడ్డోడు దాన్ని పట్టుకెళ్ళి వాడి గప్పీల (అవే, రంగురంగుల బుల్లి చేపలు) తొట్టిలో వేశాడు.

అమ్మేమో కొరమీను పిల్లంది. కొరమీనైతే గాలి మింగడానికి పైకి రావాలి గదా, ఇది అడుగున పొట్ట ఆనించి కదలకుండా కూర్చుంది. ముత్తుకూరు ఫిషరీస్ కాలేజీలో చదివిన మేనల్లుడికి ఫోటో పంపితే, "ఇసుకదొందు మామా" అన్నాడు. కొరమీనుకు వీపు మీద ఒకటే పొడుగాటి రెక్క, దీనికి విడివిడిగా రెండు. పొట్ట కింది రెక్కలు కలిసిపోయి చిన్న గిన్నెలా ఉంటాయి, గోబీలకు, అంటే ఈ దొందుల కుటుంబం చేపలకు, అదే గుర్తట. దీన్ని 1822లోనే హామిల్టన్ అనే దొర వర్ణించాడట. ఏటి నీళ్ళలోనూ ఉంటుంది, ఉప్పునీళ్ళు కలిసే మొగల్లోనూ ఉంటుంది.

ఇంతలో గప్పీలు తగ్గడం మొదలైంది. మా ఆవిడ పక్కింటి పిల్లి మీద పడింది. ఆ పిల్లి చేప ముట్టదని పక్కింటామె ఒట్టేసింది. (మన హాస్టల్లో 'గుడ్డు కూడా ముట్టని' మహానుభావుడు గుర్తొచ్చాడా? పేరు రాయను, మీ ఆవిడ ఉత్తరాలు చదువుతుందిగా.)

ఒక రాత్రి కరెంటు పోతే సెల్ లైటు వేసి తొట్టిలోకి చూశాను. దొందు లేదు! బయటికి దూకేసిందేమోనని టెన్షన్. మంచం కింద కూడా వెతికి మళ్ళీ వచ్చి చూస్తే, ఇసక మీద రెండు చుక్కలు. కళ్ళురా! మిగతా ఒళ్ళంతా ఇసకలోనే. గప్పీ ఒకటి తోకాడించుకుంటూ కిందికి దిగింది. గుప్పున ఇసక లేచింది, అంతే. నీళ్ళు తేటపడేసరికి దొందు పాత చోటే కూర్చుని ఉంది, నోటి చివర నారింజ రంగు తోక కొస.

పిల్లోడు ఏడుస్తాడనుకున్నాను. "నేను చూళ్ళేదు నాన్నా, ఇంకోటి వెయ్యి" అన్నాడు. అమ్మ ఇప్పటికీ, "ఆ రోజే పులుసు పెట్టేస్తానంటే విన్నారా" అంటోంది.

ఇంకొకటి. గోబీల్లో మామూలుగా గుడ్లకు కాపలా మగదేనట, రాయికో గుల్లకో అంటించిన గుడ్లకు రెక్కలతో నీళ్ళు విసురుతూ. మేనల్లుడు ఆ మాట మా ఆవిడ ముందే అన్నాడు. ఆ రోజు నుంచి నా పరిస్థితి నువ్వే ఊహించుకో.

కానీ సుబ్బూ, మొన్న ఏటికి పోతే ఇసక తోడేసిన చోట్ల గుంటలు తప్ప ఏమీ లేవు. ఇవి పడుకునేదే ఇసకలో గదా, మరి... సరేలే.

జొన్నవాడ దగ్గర ఏట్లో వదిలేద్దామంటాను నేను. పిల్లోడు ససేమిరా అంటున్నాడు. గప్పీలు కొనే డబ్బు మాత్రం నాదే, అప్పుడు నువ్వు ఆ సైకిల్ ట్యూబు... అయ్యో, మీ ఊరికి వచ్చేవాడు హారన్ కొడుతున్నాడు, కవరు వాడి చేతికే ఇవ్వాలి. ట్యూబు సంగతి మళ్ళీ రాస్తా.

నీ
బాబ్జీ